నౌకాశ్రయం లేని రేవు పట్టణం: గోపాలపూర్ చరిత్ర, చూడదగ్గ చోట్లు

ఉద్యోగరీత్యా బరంపురానికి కొత్తగా వచ్చిన మీరు, అక్కడికి పదహారు కిలోమీటర్ల దూరంలో ఉన్న గోపాలపూర్ గురించి మూడు సంగతులు అడిగారు. అది రెండు వేల ఏళ్ల నాటి ప్రాచీన రేవని ఒకరు, తెల్లదొరలు గాలి మార్పు కోసం కట్టుకున్న విడిది మాత్రమేనని మరొకరు చెప్పారనీ, ఇందులో ఏది నిజమనీ మీ మొదటి ప్రశ్న. ఒడిశాలోని ఆ ఊళ్లో సముద్రపు ఒడ్డుకు వెళ్లగానే తెలుగు ఎందుకు వినిపిస్తుందన్నది రెండోది. ఇసుక, అలలు తప్ప చూడవలసినవి ఏమున్నాయన్నది మూడోది. గంజాం జిల్లా చరిత్రను చాలాకాలం బోధించినవాడిగా నా అభిప్రాయం ముందే చెబుతాను. ఈ మూడు ప్రశ్నలకూ సమాధానం ఒకే భౌగోళిక వాస్తవంలో ఉంది. గోపాలపూర్ రేవు పట్టణమే గాని, దానికి సహజమైన నౌకాశ్రయం ఎన్నడూ లేదు. ఓడ వచ్చి ఒడ్డుకు ఆనుకునే వీలు అక్కడ లేదు. ఆ లోటు వల్లనే తీరపు తెలుగు జాలరుల విద్య ఊరికి అవసరమైంది, ఆ లోటు వల్లనే ఊరి వర్తకం కూలిపోయింది, ఇప్పుడు శిథిలాలుగా కనిపించే కట్టడాలు కూడా ఆ లోటుతో పెనుగులాడిన కాలానికి చెందినవే.

ప్రాచీనత సంగతి మొదట తేల్చుకుందాం. ఈ తీరం ప్రాచీనమైనదనడంలో సందేహం లేదు. క్రీస్తుశకం రెండో శతాబ్దపు గ్రీకు భూగోళ శాస్త్రజ్ఞుడు టాలెమీ తూర్పు తీరంలో ‘పలూరా’ అనే పట్టణాన్ని పేర్కొని, దాని సమీపం నుంచే ఓడలు తీరాన్ని విడిచి సువర్ణభూమి వైపు నడిసముద్రంలోకి సాగేవని రాశాడు. ఆ పలూరాను పండితులు అనేకులు చిలికా సరస్సు దక్షిణపు కొసన ఉన్న నేటి పాలూరుగా గుర్తించారు. అది రుషికుల్యా నదికి ఉత్తరాన ఉంది, గోపాలపూర్ దక్షిణాన ఉంది. అలాగే రుషికుల్యా ఒడ్డునే ఉన్న జౌగడలో అశోకుని శిలాశాసనం ఉంది. వేరే చోట్ల కనిపించే అశోకుని శాసనాల వరుసలో, కళింగ యుద్ధం గురించి చెప్పే పదమూడో శాసనంతో సహా మూడింటిని అక్కడ చెక్కించకుండా విడిచిపెట్టి, వాటికి బదులు ‘సమాపా’ పట్టణంలోని మహామాత్రులను, అంటే పై అధికారులను, ఉద్దేశించిన రెండు ప్రత్యేక శాసనాలను చెక్కించారు. ‘మనుషులందరూ నా బిడ్డలు’ అనే భావం ఆ ప్రత్యేక శాసనాలలోనిదే. జిల్లా ప్రాచీనతకు ఇంతకంటే గట్టి సాక్ష్యం అక్కర్లేదు. అయితే పాలూరు, జౌగడల ప్రతిష్ఠను తెచ్చి గోపాలపూర్‌కు కట్టబెట్టడం పర్యాటక కరపత్రాలకు అలవాటైపోయింది. ‘గోపాలపూర్ తవ్వకాలలో బయటపడిన తామ్రశిలా యుగపు అవశేషాలు’ అని ఎక్కడైనా చదివితే మరింత జాగ్రత్తగా ఉండండి. ఆ గోపాలపూర్ నయాగఢ్ జిల్లాలోని వేరే ఊరు. పేరు ఒకటే కావడం వల్ల చదువుకున్నవారు కూడా పొరబడుతుంటారు.

మన గోపాలపూర్ కథ నిజంగా మొదలయ్యేది కంపెనీ కాలంలో. 1765లో మొగలు చక్రవర్తి షా ఆలం ఫర్మానాతో ఉత్తర సర్కారులు ఈస్టిండియా కంపెనీకి దక్కాయి. మరుసటి ఏడు నిజాంతో ఒడంబడిక కుదిరింది. 1768లో ఎడ్వర్డ్ కాట్స్‌ఫర్డ్ గంజాం పట్టణానికి మొదటి రెసిడెంటుగా, అంటే కంపెనీ ప్రతినిధిగా వచ్చి, రుషికుల్యా ముఖద్వారం దగ్గర స్థావరం ఏర్పరచుకున్నాడు. ఇవాళ పోటాగఢ్ అని పిలుస్తున్న నక్షత్రాకారపు కోట ఆ కాలపుదే. జిల్లాకు పేరిచ్చిన ఆ గంజాం పట్టణమే అప్పటి ముఖ్య కేంద్రం, ముఖ్యమైన రేవు కూడా. 1815 ప్రాంతంలో అక్కడ విషజ్వరాలు ప్రబలి జనం పెద్ద సంఖ్యలో మరణించారు, మిగిలినవారు ఊరు విడిచారు, ప్రభుత్వ కచేరీలు తరలిపోయాయి. జిల్లా పరిపాలన చివరికి ఛత్రపురంలో స్థిరపడింది, సైన్యమూ వర్తకమూ బరంపురం చుట్టూ పెరిగాయి. బరంపురానికి అతి దగ్గరి సముద్రతీరం గోపాలపూర్. అప్పటివరకు చేపలు పట్టేవారి పల్లెగా ఉన్న ఆ చోటు, పందొమ్మిదో శతాబ్దం నడిచేకొద్దీ జిల్లాకంతటికీ ప్రధానమైన రేవు అయింది. గంజాం పట్టణం క్షీణించకపోయి ఉంటే గోపాలపూర్ పేరు బహుశా బయటివారికి తెలిసేదే కాదు.

గంజాం పట్టణానికి ఒక నదీముఖమైనా ఉండేది, గోపాలపూర్‌కు అదీ లేదు. ఊరికి దక్షిణంగా ఉన్న హరిపురం వైపు ఉప్పుటేరు చిన్న పడవలకు పనికివస్తుంది గాని ఓడలకు పనికిరాదు. తీరం ఏ మరుగూ లేకుండా తెరుచుకుని ఉంటుంది. ఒడ్డుకు దగ్గరలోనే అలలు ఒకదాని వెనుక ఒకటి విరిగిపడుతుంటాయి. కాబట్టి వచ్చిన ఓడ దూరంగా లోతు నీటిలో లంగరు వేసి నిలబడేది. సరుకైనా మనిషైనా ఒడ్డుకు చేరాలంటే ఆ విరిగే అలలను దాటి రావాలి. మామూలుగా మేకులతో బిగించిన బల్లల పడవ ఆ దెబ్బకు విచ్చిపోతుంది. దానికి ఈ తీరపు వాళ్లకు తరతరాలుగా తెలిసిన ఉపాయం మసూలా పడవ. పలకలను ఇనుప మేకులతో కాక కొబ్బరి పీచు తాళ్లతో కుట్టి, కీళ్ల మధ్య గడ్డి, పీచు కూరి తయారుచేసే పడవ అది. అల తగిలినప్పుడు ఆ పడవ ఎదిరించదు, కొద్దిగా వంగి, తిరిగి తన ఆకారానికి వస్తుంది. అడుగు చదునుగా ఉండడం వల్ల కెరటం దానిని ఎత్తి ఒడ్డున ఇసుకలోకి తెచ్చి దింపుతుంది. తెడ్లు వేసే వారికి బలం కంటే లెక్క ముఖ్యం. ఏ కెరటాన్ని పోనివ్వాలి, ఏ కెరటం మీద ఎక్కాలి అన్నది పడవ వెనుక నిలబడ్డ ముఖ్యుడు చెప్పాలి. ఒక్క క్షణం తప్పితే పడవ అడ్డం తిరుగుతుంది. ఆ విద్య పుస్తకాలలో దొరకదు, కంపెనీ ఉద్యోగులకు గాని, బరంపురం వర్తకులకు గాని తెలియదు. అది తెలిసినవారు ఆ తీరంలో చేపలు పట్టుకునే తెలుగువారు.

మీ రెండో ప్రశ్నకు ఇదే సమాధానం. వాడబలిజలు, జాలరులు శ్రీకాకుళం, విశాఖపట్నం తీరాల నుంచి చిలికా దాకా ఒకే వరుసగా వ్యాపించిన కులాలు. వీరి ఇళ్లలో తెలుగు మాట్లాడతారు, ఒడియావారు వీరిని నొలియాలు అంటారు. గోపాలపూర్ చుట్టూ కొత్త బక్షిపల్లి, గరంపేట, గోలబంధ, ఆర్జిపల్లి వంటి పల్లెలలో ఇప్పటికీ వీరే ఎక్కువ. వీరిని ‘ఆంధ్ర నుంచి ఒడిశాకు వలస వచ్చినవారు’ అనడం తరచుగా వింటుంటాను. ఆ మాటలో సగమే నిజం ఉంది. తీరం వెంబడి కదలిక ఎప్పుడూ ఉంది, చేప ఎటు పోతే మనిషి అటు పోవడం ఆ వృత్తి స్వభావం. కాని 1936 ఏప్రిల్ 1 దాకా గంజాం జిల్లా మద్రాసు ప్రెసిడెన్సీలోని భాగం. శ్రీకాకుళం, టెక్కలి, సోంపేట, ఇచ్ఛాపురం, బరంపురం, గోపాలపూర్ అన్నీ ఒకే పరిపాలన కింద ఉండేవి. ఒరిస్సా రాష్ట్రం ఏర్పడిన ఆ రోజున ఇచ్ఛాపురానికి, బరంపురానికి నడుమ సరిహద్దు వచ్చింది. మనుషులు సరిహద్దు దాటలేదు, సరిహద్దే వారి మీదుగా వెళ్లింది. నిజంగా వలస అనదగినది ఇంకా ఉత్తరానికి జరిగింది. పూరీలో పెంఠకటా పల్లెలో స్థిరపడ్డ తెలుగు జాలరులలో అనేకుల మూలాలు ఈ గంజాం తీరంలోనూ, దానికి దక్షిణాన ఉన్న ఆంధ్ర తీరంలోనూ ఉన్నాయి. జగన్నాథుని దర్శనానికి వెళ్లిన మన యాత్రికులను సముద్రస్నానంలో చేయి పట్టుకుని కాపాడేది చాలాసార్లు తెలుగు మాట్లాడే నొలియాలే.

బరంపురంలోని తెలుగువారి సంగతి వేరు, దాన్ని దీనితో కలపకండి. అక్కడి పట్టు నేత పనివారు, వర్తకులు, వకీళ్లు, ఉపాధ్యాయులు వేర్వేరు కాలాల్లో వేర్వేరు కారణాలతో వచ్చినవారు. తీరపు తెలుగువారిది సముద్రం ఇచ్చిన ఉనికి. రెండు సమాజాల యాస వేరు, దేవతలు వేరు, చదువుల తీరు కూడా చాలాకాలం వేరుగానే ఉంది.

గోపాలపూర్ వైభవం పందొమ్మిదో శతాబ్దం రెండో సగం నుంచి ఇరవయ్యో శతాబ్దం మొదటి దశాబ్దాల దాకా. బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్ కంపెనీ వారి స్టీమర్లు ఈ తీరం వెంబడి రేవు రేవుకూ ఆగుతూ తిరిగేవి. ధాన్యం, తోళ్లు, కరక్కాయలు వంటి సరుకులు బయటికి వెళ్లేవి, మిల్లు బట్ట వంటివి లోపలికి వచ్చేవి. లోతట్టున ఆస్కాలో మించిన్ దొర నడిపిన చక్కెర మిల్లు వంటి పరిశ్రమలున్న కాలం అది. అయితే ఈ రేవు మీదుగా వెళ్లిన వాటిలో అన్నిటికంటే ముఖ్యమైనది సరుకు కాదు, మనిషి. ఉత్తరాంధ్రలోను గంజాంలోను పెద్దవాళ్లు ‘రంగం వెళ్లాడు’ అనే మాట ఇప్పటికీ వాడతారు. రంగం అంటే రంగూన్. బర్మాలో వరికోతలకు, రంగూన్‌లోని బియ్యం మిల్లులకు, ఓడరేవు కూలిపనికి ఏటా వేలమంది వెళ్లేవారు. తెలుగువారు, ఒడియావారు పక్కపక్కనే డెక్కు మీద కూర్చుని ప్రయాణించేవారు. రంగూన్ రేవులో సరుకు దించే కూలీలలో తెలుగువారిదే పైచేయిగా ఉండేది. 1930 మే నెలలో అక్కడ జరిగిన అల్లర్లు తెలుగు రేవు కూలీలకు, వారి స్థానంలో పనికి పెట్టుకున్న బర్మీయులకు మధ్య మొదలైనవే. బాకీ తీర్చడానికి, పెళ్లి ఖర్చుకు, కరువు గడవడానికి కొన్నేళ్లు రంగం వెళ్లి రావడం ఇక్కడి బీద కుటుంబాల లెక్కలో మామూలు విషయం. ఆ ప్రయాణంలో మొదటి మైలు, అందరికంటే ఎక్కువ భయపడే మైలు, మసూలా పడవలో గోపాలపూర్ కెరటాల మీద గడిచేది.

ఈ వైభవం ఒక్కసారిగా కూలలేదు, మూడు దెబ్బలకు కూలింది. మొదటిది రైలు. 1890లలో తూర్పు తీరపు రైలు మార్గం బరంపురం మీదుగా పడిన తరువాత, అలలతో కొట్లాడి సరుకు ఓడకు ఎక్కించవలసిన అవసరం వర్తకుడికి తగ్గింది. రెండోది విశాఖపట్నం. 1933 డిసెంబరులో అక్కడ లోపలి నౌకాశ్రయం ప్రారంభమైంది. గోడకు ఆనుకుని నిలబడే ఓడలోకి సరుకు ఎక్కించే వసతి కొంత దూరంలో ఉన్నప్పుడు, లంగరు వేసి అలల అవతల ఊగే ఓడను ఎవరు కోరుకుంటారు? మూడోది బర్మా. 1937లో బర్మా భారతదేశం నుంచి వేరుపడింది, 1942లో జపాను సేనలు రంగూన్‌ను ఆక్రమించడంతో లక్షలమంది భారతీయులు అక్కడినుంచి బయలుదేరి వచ్చారు. అనేకులు అడవి దారుల వెంట నడిచి వచ్చారు, అనేకులు దారిలోనే పోయారు. ఆ తరువాత రంగం ప్రయాణం మళ్లీ మునుపటిలా సాగలేదు. గోపాలపూర్ రేవు అక్కడితో పని లేనిదైంది.

ఇప్పుడు కట్టడాల సంగతి. ఊరికి ఎక్కువ ప్రసిద్ధి తెచ్చినది లైట్‌హౌస్. స్టీమర్ల కాలంలో ఈ రేవులో దీపం ఉండడం తప్పనిసరి, ఎందుకంటే రాత్రిపూట దగ్గరికి వచ్చే ఓడ ఎంత దూరంలో లంగరు వేయాలో ఆ దీపాన్ని చూసే తెలుసుకోవాలి. సాయంత్రం పూట కొంతసేపు సందర్శకులను పైకి అనుమతిస్తారు. పైకెక్కితే నేను పైన చెప్పిన సంగతంతా ఒక్క చూపులో అర్థమవుతుంది. విరిగే అలల తెల్లటి చారలు ఒడ్డు పొడవునా ఎంత దగ్గరగా ఉన్నాయో, ఓడకు మరుగు ఇచ్చే కొండ గాని కొస గాని ఎక్కడా లేకపోవడం ఎలా ఉందో అక్కడినుంచి చూడాలి. ఒడ్డున, ఇసుకలో అక్కడక్కడా కనిపించే స్తంభాల మొండేలు, పెచ్చులూడిన గోడలు పాత రేవువి, గోదాములవి. వాటిని కోట శిథిలాలని చెప్పే వారున్నారు, నమ్మకండి. సముద్రం నుంచి సరుకు దింపుకునే కష్టాన్ని తగ్గించడానికి చేసిన ప్రయత్నాల గుర్తులవి. వాటికి రక్షణ గాని, ఒక బోర్డు గాని లేకపోవడం నాకు ఎప్పుడూ చింతే. ఊరి జ్ఞాపకానికి అన్నిటికంటే అవసరమైన కట్టడాలు అవే, అన్నిటికంటే నిర్లక్ష్యానికి గురైనవీ అవే.

రేవు పని తగ్గేకొద్దీ ఊరు విడిదిగా మారింది. సిన్యోర్ మగ్లియోని అనే ఇటలీ దేశస్తుడు 1914లో ఇక్కడ పామ్ బీచ్ హోటల్‌ను కట్టించాడు. 1947లో అది ఒబెరాయ్ సంస్థ చేతికి వచ్చి, చాలాకాలం వారి పేరుతో నడిచి, తరువాత మేఫెయిర్ వారి చేతికి మారింది. తూర్పు తీరంలో సముద్రపు విడిది హోటళ్లలో అత్యంత పాతవాటిలో ఇదొకటి. దాని చుట్టూ జమీందార్లు, ఆంగ్లో ఇండియన్లు, కలకత్తా బెంగాలీ కుటుంబాలు కట్టుకున్న బంగళాలు వెలిశాయి. వాటిలో కొన్ని అతిథిగృహాలయ్యాయి, కొన్ని సున్నం రాలి ఖాళీగా నిలిచాయి. కాబట్టి గోపాలపూర్ తెల్లదొరల విడిది అన్న మాట అబద్ధం కాదు, అయితే అది ఈ ఊరి రెండో జీవితం. ఊరికి పేరుకు తగ్గ గోపాలకృష్ణుని గుడి ఒకటి ఉంది. శిల్పం కోసం వెళితే నిరాశపడతారు గాని, ఊరి పండుగలకు అదే నడిబొడ్డు.

రేడియో వినే అలవాటున్న తెలుగు ఇళ్లకు గోపాలపూర్ పేరు తుపాను హెచ్చరికల ద్వారా పరిచయం. ‘కళింగపట్నం, గోపాలపూర్‌ల మధ్య తీరం దాటవచ్చు’ అనే వాక్యం వినని వారు శ్రీకాకుళం జిల్లాలో ఉండరు. 1999 అక్టోబరులో ఒడిశాకు పన్నెండు రోజుల తేడాతో రెండు తుపానులు వచ్చాయి. మొదటిది అక్టోబరు 17న గోపాలపూర్ దగ్గర తీరం దాటింది, రెండోది అక్టోబరు 29న పారాదీప్ వైపు విరుచుకుపడిన మహాతుపాను. రెండోది దాదాపు పదివేల ప్రాణాలు తీసుకోవడంతో, మొదటిదాన్ని గంజాం వారు తప్ప అందరూ మరచిపోయారు. 2013 అక్టోబరు 12 రాత్రి పైలిన్ తుపాను గంటకు రెండు వందల కిలోమీటర్లు దాటిన గాలులతో సరిగ్గా గోపాలపూర్ దగ్గరే తీరాన్ని తాకింది. ముందుగానే లక్షలమందిని పక్కా భవనాలలోకి తరలించడం వల్ల 1999తో పోలిస్తే ప్రాణనష్టం అతి స్వల్పం. కాని ఆస్తినష్టం మాత్రం చిన్నది కాదు. పడవలు, వలలు, జీడిమామిడి తోటలు, సరుగుడు తోటలు, ఎన్నో పాత ఇళ్ల కప్పులు ఆ ఒక్క రాత్రిలో పోయాయి. ఒడ్డున ఉన్న పాత బంగళాలలో కొన్ని ఎందుకు అలా మొండిగోడలై ఉన్నాయని అడిగేవారికి, కాలం కంటే తుపానులే పెద్ద కారణమని చెప్పాలి.

ఊరికి ఉత్తరంగా గోలబంధ దగ్గర సైన్యం వారి వాయు రక్షణ కళాశాల, దాని కాల్పుల క్షేత్రం ఉన్నాయి. అక్కడికి సామాన్యులను పోనివ్వరు. కాల్పుల అభ్యాసం జరిగే రోజుల్లో సముద్రంలోకి వెళ్లవద్దని జాలరులకు ముందుగా తెలియజేస్తారు. దాని వల్ల పోయే పనిదినాల పరిహారం గురించి ఎప్పటినుంచో వాదన ఉంది. కొత్త ఓడరేవు గోపాలపూర్ పేరుతోనే ఉన్నా ఊళ్లో లేదు, ఆర్జిపల్లి దగ్గర ఉంది. 1987లో రాష్ట్ర ప్రభుత్వం దాన్ని వాతావరణం అనుకూలించే నెలల్లో మాత్రమే పనిచేసే చిన్న రేవుగా మొదలుపెట్టింది. తరువాత ప్రైవేటు చేతుల్లోకి వెళ్లి, అలలను ఆపే గోడలతో ఏడాది పొడవునా నడిచే రేవైంది. 2024లో అదానీ సంస్థ దాన్ని కొన్నది. పాత రేవుకు ఎన్నడూ దొరకని మరుగు నీటిని ఇక్కడ రాతిగోడలు కట్టి సృష్టించారు. అయితే ఈ తీరంలో ఇసుక ఏడాది మొత్తం మీద దక్షిణం నుంచి ఉత్తరానికి కదులుతుంది. సముద్రంలోకి గోడ కడితే దానికి దక్షిణాన ఇసుక మేట వేస్తుంది, ఉత్తరాన ఒడ్డు కోతపడుతుంది. రుషికుల్యా ముఖద్వారం దగ్గరి పొదంపేట అనే తెలుగు జాలరి పల్లె సముద్రపు కోతకు గురై, అక్కడి కుటుంబాలు లోపలికి తరలిపోవలసి వచ్చింది. రేవు గోడలే కారణమని జాలరులు అంటారు. నదీముఖం తనంతట తాను దారి మార్చుకోవడాన్ని కూడా లెక్కలోకి తీసుకోవాలని నా అభిప్రాయం. ఏది ఎంత అన్న వాదన ఎలా ఉన్నా, సగం ఇసుకలో కూరుకుపోయిన ఆ ఇళ్ల గోడలు ఈ తీరపు చరిత్రలో చూడవలసిన భాగమే.

పర్యాటకులు సాధారణంగా పట్టించుకోని మరో సంపద గురించి చెప్పకుండా ఉండలేను. గోపాలపూర్ నుంచి బరంపురానికి వెళ్లే దారిలోను, రంగెయిలుండ, ఛత్రపురం, చికిటి ప్రాంతాలలోను పొలాల గట్ల వెంట, కాలువల పక్కన కనిపించే ముళ్ల పొదలు మొగలి చెట్లు. మొగలి పూలతో దేశంలో తయారయ్యే కేవడా అత్తరులో చాలా భాగం ఈ ఒక్క జిల్లాదే. గంజాం మొగలి పువ్వుకు, దాని నుంచి తీసే సారానికి భౌగోళిక గుర్తింపు కూడా లభించింది. సువాసన ఉన్నది మగ చెట్టు పువ్వుకే. వాన కాలంలో పూత బాగా వస్తుంది. తెల్లవారక ముందే పూలు కోసి, ఎండ ఎక్కకుండా పల్లెలోని బట్టీకి చేర్చాలి, ఎందుకంటే ఆలస్యమైన కొద్దీ వాసన పలచబడుతుంది. రాగి పాత్రలో పూలు, నీళ్లు వేసి మూత చుట్టూ మట్టి మెత్తి కింద మంట పెడతారు. పైకి లేచిన ఆవిరి గొట్టం గుండా వెళ్లి చల్లని నీటిలో ఉంచిన మరో పాత్రలో చేరుతుంది. ఆ రెండో పాత్రలో గంధపు నూనె వంటిది పోసి ఉంచితే వచ్చేది అత్తరు, ఏదీ కలపకుండా తీసిన అసలు నూనె రూహ్. ఒక చిన్న సీసా రూహ్‌కు వేల పూలు కావాలి కాబట్టి దాని ధర సామాన్యుడికి అందదు. బిర్యానీలో, మిఠాయిలలో, పాన్ మసాలాలో వాడే కేవడా నీటికి మూలం ఇదే. సముద్రపు గాలికి ఇసుక లేవకుండా ఆపే గుణం ఆ పొదలకు ఉండబట్టి రైతులు మొదట గట్లకు కంచెగా నాటినవే తరువాత జీవనాధారమయ్యాయి. ముందుగా మాట్లాడుకుని వెళితే బట్టీ వారు పని చూపించడానికి అభ్యంతరం చెప్పరు.

జాలరి పల్లెలను చూడాలనుకుంటే తెల్లవారుజామున వెళ్లండి, మధ్యాహ్నం వెళ్లి ప్రయోజనం లేదు. మసూలా పడవలు ఇప్పుడు కనుమరుగయ్యాయి, వాటి స్థానంలో మోటారు బిగించిన ఫైబర్ పడవలు వచ్చాయి. అయినా కెరటాన్ని ఎంచుకుని పడవను ఒడ్డుకు ఎక్కించే పద్ధతి పాతదే. పెద్దవలను ఒడ్డునుంచి రెండు వరుసల మనుషులు లాగే దృశ్యం ఇంకా అప్పుడప్పుడు కనిపిస్తుంది. కవళ్లు, కానాగంతలు వంటి చేపలు పడ్డ రోజున ఒడ్డున బేరాలన్నీ తెలుగులో మొదలై, బరంపురం వర్తకుడు రాగానే ఒడియాలోకి మారడం గమనించవచ్చు. ఫోటో తీసే ముందు అడగండి. మాట కలిపేటప్పుడు ‘అన్నా’, ‘అమ్మా’ అని తెలుగులో పిలిస్తే వారి ముఖాలు విప్పారతాయి గాని, ‘మీరు ఏ ఊరి నుంచి వచ్చారు’ అని మాత్రం అడగకండి. వారు అక్కడివారే.

ఇక చూసే క్రమం. ఒకే రోజు ఉంటే ఉదయం కొత్త బక్షిపల్లి ఒడ్డు, ఆ తరువాత పాత రేవు స్తంభాలు, బంగళాల వీధి, ఎండ తగ్గాక లైట్‌హౌస్ సరిపోతాయి. రెండో రోజు దొరికితే తీరాన్ని విడిచి రుషికుల్యా వెంట పోవడం మేలు. పోటాగఢ్, పురుషోత్తంపురం దగ్గరి తారాతరిణి కొండ, జౌగడ శాసనం ఒకే దారిలో కలుస్తాయి. జౌగడలో శాసనం చెక్కిన బండను కంచె వేసి కాపాడుతున్నారు, అక్షరాలు చూడడానికి ఉదయపు ఏటవాలు వెలుతురు అనుకూలం. సముద్రస్నానం విషయంలో ఒక హెచ్చరిక. గోపాలపూర్ ఒడ్డున నేల త్వరగా లోతెక్కుతుంది, వెనక్కి లాగే నీటి ఒరవడి బలంగా ఉంటుంది. పడవలను తిరగేసిన కెరటాలే అవి. నొలియా పక్కన లేకుండా నడుము లోతు దాటకండి. వానకాలంలో అసలు దిగకండి.

ఫిబ్రవరి, మార్చి నెలల్లో మీరు ఇక్కడే ఉంటే రుషికుల్యా ముఖద్వారంలో ఆలివ్ రిడ్లీ తాబేళ్లు గుంపులుగా గుడ్లు పెట్టడానికి వస్తాయి. 2023లో ఆరు లక్షలకు పైగా తాబేళ్లు వచ్చినట్టు అటవీ శాఖ లెక్కించింది. అన్ని ఏళ్లూ అలా రావు, కొన్ని ఏళ్లలో సామూహికంగా గుడ్లు పెట్టడమే జరగదు, కాబట్టి బయలుదేరే ముందు పురునాబంధ పల్లెలో గాని అటవీ శాఖ శిబిరంలో గాని విచారించుకోండి. రాత్రిపూట టార్చిలైటు, ఫోను వెలుతురు వేయనివ్వరు, ఎందుకంటే తాబేలు పిల్లలు వెలుగును చూసి సముద్రం అనుకుని ఊరివైపు పాకిపోతాయి. అక్కడ కాపలా కాసే యువకులలో పలువురు ఆ జాలరి పల్లెల వారే. వారు చెప్పిన దూరంలో నిలబడి చూడండి.